చెన్నై నుంచి శ్రీలంక: అనురాధపురంతో మొదలుపెట్టి కొలంబోతో ముగించే దారి

చెన్నైలో విమానం ఎక్కితే గంటన్నరలో శ్రీలంక. మన గడియారం మార్చుకోనక్కర్లేదు, అక్కడా ఇదే సమయం. బండ్లు కూడా మనలాగే ఎడమవైపే నడుస్తాయి. ఇంత దగ్గర కాబట్టే చాలామంది నాలుగు రోజుల ప్యాకేజీ ఒకటి కొనేసి, మొదటి రోజు కొలంబో, రెండో రోజు క్యాండీ, మూడో రోజు నువర ఎలియలో సీతమ్మ గుడి, నాలుగో రోజు షాపింగ్ అని తిరిగి వచ్చేస్తారు. ఆ దేశానికి రెండు వేల ఏళ్ళకు పైబడిన రాజధానుల చరిత్ర ఉంది. ప్యాకేజీ బస్సు ఆ పాత రాజధానుల పక్కనుంచైనా పోదు.

నేను చెప్పేది దీనికి తలకిందుల దారి. కొలంబోను చివరికి వదిలేయండి. అన్నిటికంటే పాత రాజధాని అనురాధపురం. అక్కడ మొదలుపెట్టి పొలొన్నరువ, క్యాండీ మీదుగా కొత్త నగరంలోకి దిగండి. కాలం నడిచిన వరసలోనే మీరూ నడిస్తే ఒక చోట చూసింది తర్వాతి చోట అర్థమవుతుంది. ఈ దారిలో తెలుగువాళ్ళకు ప్రత్యేకంగా కనిపించేవి చాలా ఉన్నాయి. గైడ్లు వాటి గురించి చెప్పరు కాబట్టి ఈ వ్యాసంలో వాటికి ఎక్కువ చోటిచ్చాను.

ముందు ఎగ్మూరు మ్యూజియానికి వెళ్ళండి

టికెట్లు కొనేముందే ఒక ఆదివారం పాంథియన్ రోడ్డులోని ప్రభుత్వ మ్యూజియంలో అమరావతి శిల్పాల గది చూడండి. శుక్రవారం సెలవు, మిగతా రోజుల్లో తెరిచే ఉంటుంది. కృష్ణ ఒడ్డు నుంచి తెచ్చిన ఆ సున్నపురాతి పలకల్లో కొన్నిటి మీద మొత్తం స్తూపమే బొమ్మగా చెక్కి ఉంటుంది. అండం (స్తూపం గుమ్మటం) కింద నాలుగు దిక్కులా ముందుకు పొడుచుకువచ్చిన వేదికలను, వాటి మీద వరసగా నిలబడ్డ ఐదేసి స్తంభాలను గమనించండి. వాటిని ఆయక వేదికలంటారు. ఫోనులో ఫొటో తీసి పెట్టుకోండి. అనురాధపురంలో ప్రతి పెద్ద స్తూపానికీ నాలుగు దిక్కులా ముందుకు పొడుచుకువచ్చి ఉండే వాహల్కడలనే కట్టడాలు చూసినప్పుడు ఈ ఫొటో తెరిచి పక్కన పెట్టుకుంటే, రెండు ఒడ్ల శిల్పులకూ ఒకరి పని ఒకరికి తెలుసన్న సంగతి ఎవరూ చెప్పకుండానే బోధపడుతుంది.

నాగార్జునకొండ మాట కూడా ఇక్కడే చెప్పుకోవాలి. 3వ శతాబ్దంలో ఇక్ష్వాకుల రాజధాని విజయపురిలో సింహళ విహారం అని ఒకటి ఉండేది. బోధిసిరి అనే ఉపాసిక వేయించిన శాసనంలో తామ్రపర్ణి నుంచి వచ్చిన ఆచార్యుల ప్రస్తావన ఉంది. తామ్రపర్ణి అంటే ఈనాటి శ్రీలంకే. సింహళ విహారంలో బోధివృక్షానికి గుడి కట్టించానని కూడా ఆమె చెప్పుకుంది. ఇప్పుడు మీరు చూడబోయే అనురాధపురానికి మధ్యలో ఉన్నది కూడా ఒక బోధివృక్షమే.

ఏ నెలలో వెళ్ళాలి

రెండు రుతుపవనాలు ఈ చిన్న ద్వీపాన్ని చెరో వైపు తడుపుతాయి. మే నుంచి సెప్టెంబరు దాకా నైరుతి వానలు కొలంబో, క్యాండీ కొండల వైపు. అక్టోబరు నుంచి జనవరి దాకా ఈశాన్యపు వానలు ఉత్తరానికి, తూర్పు తీరానికి. మన చెన్నైలో వాన పడే రోజుల్లోనే ట్రింకోమలీలోనూ, అనురాధపురంలోనూ పడుతుందని గుర్తుపెట్టుకుంటే సగం పని అయినట్టే. ఈ వ్యాసంలోని దారి మొత్తానికి జనవరి చివరి నుంచి మార్చి దాకా అన్నిటికన్నా మంచి సమయం. పిల్లల వేసవి సెలవుల్లో తప్ప కుదరదనుకుంటే మే నెలలో క్యాండీ రోజులు తగ్గించి, తూర్పు తీరానికి ఒకటి రెండు రోజులు పెంచండి.

తేదీలు ఖాయం చేసేముందు అక్కడి సెలవుల పట్టిక తప్పకుండా చూడండి. ప్రతి పౌర్ణమీ అక్కడ ప్రభుత్వ సెలవు. దాన్ని పోయ అంటారు. ఆ రోజు మద్యం అమ్మరు, బస్సులు, గుళ్ళు కిటకిటలాడతాయి. మే నెల పౌర్ణమి వెసాక్, వీధులన్నీ కాగితపు లాంతర్లతో వెలుగుతాయి. జూన్ పౌర్ణమి పోసన్. అశోకుడి కొడుకు మహిందుడు లంకలో అడుగుపెట్టిన రోజుగా దాన్ని జరుపుకుంటారు కాబట్టి లక్షల జనం అనురాధపురం, మిహింతలే చేరతారు. ఆ జనసందోహం చూడటానికే వెళ్తే వేరే సంగతి. నెమ్మదిగా శిల్పం చూడాలనుకుంటే ఆ వారం మానుకోండి. ఏప్రిల్ 13, 14 తేదీలు సింహళ, తమిళ సంవత్సరాది. అటూ ఇటూ కొన్ని రోజులు దుకాణాలు మూసి ఉంటాయి, డ్రైవర్లు దొరకడం కష్టం.

కాగితాలు, డబ్బు, ఫోను

ప్రయాణం నాటికి పాస్‌పోర్టు ఇంకా కనీసం ఆరు నెలలు చెల్లుబాటులో ఉండాలి. వీసా బదులు ఈటీఏ అనే అనుమతి ఆన్‌లైన్‌లో తీసుకోవాలి. శ్రీలంక ఇమిగ్రేషన్ శాఖ సొంత సైటులోనే దరఖాస్తు చేయండి. వెతికితే పైన వచ్చే వాటిలో అచ్చం ప్రభుత్వ సైటులాగే కనిపించే ఏజెంట్ల పేజీలుంటాయి, వాటిలో రుసుము ఎక్కువ. చిరునామా చివర జీఓవీ డాట్ ఎల్‌కే ఉందో లేదో చూడండి. అనుమతి కాగితం, తిరుగు టికెట్, మొదటి హోటల్ బుకింగ్ ఈ మూడూ ప్రింటు తీసి పాస్‌పోర్టులో పెట్టుకోండి.

మన రూపాయికి ఈ మధ్య కాలంలో సుమారు మూడున్నర శ్రీలంక రూపాయలు వస్తున్నాయి. హోటల్ బిల్లు చూసి ఉలిక్కిపడకుండా మూడున్నరతో భాగించే అలవాటు మొదటి రోజే చేసుకోండి. 2024 ఫిబ్రవరి నుంచి యూపీఐ కూడా అక్కడ పనిచేస్తోంది. అయితే పెద్ద దుకాణాల్లో పనికొచ్చినంతగా పల్లెల్లో, ఆటోల్లో పనికిరాదు. నోట్లు దగ్గర ఉండాలి. ఎయిర్‌పోర్టు లోపలే బ్యాంకుల కౌంటర్లు వరసగా ఉంటాయి, రేట్లలో తేడా ఉంటే బోర్డు మీదే కనబడుతుంది. ఆ పక్కనే డయలాగ్, మొబిటెల్ సిమ్ములు పాస్‌పోర్టు చూపిస్తే ఇస్తారు. రోమింగ్ కంటే చాలా చవక. మూడు చదరపు కాళ్ళ ప్లగ్గులు అక్కడ ఎక్కువ కాబట్టి అడాప్టర్ ఒకటి పర్సువాక్కంలోనో రిచీ స్ట్రీట్‌లోనో కొని సంచిలో వేసుకోండి.

చెన్నై నుంచి యాళ్ప్పాణానికి (జాఫ్నాకు) నేరుగా చిన్న విమానాలున్నాయి. నాగపట్టణం నుంచి కాంకేసన్‌తురైకి 2023లో ఓడ మొదలైంది, వానాకాలంలో ఆపేస్తారు. ఉత్తరం చూడాలన్న కోరిక గట్టిగా ఉంటే అవి బాగుంటాయి. ఈ దారికి మాత్రం కొలంబో విమానాలు దిగే కటునాయక ఎయిర్‌పోర్టే సరైనది.

దిగిన రోజు

కటునాయక కొలంబోకు ముప్పై కిలోమీటర్ల పైన ఉత్తరంగా ఉంది. అనురాధపురం కూడా ఉత్తరానే. అంటే దిగగానే కొలంబో వెళ్తే వెనక్కు వెళ్ళినట్టే. ఉదయం విమానమైతే నేరుగా అనురాధపురం బయలుదేరండి, దాదాపు నూట డెబ్భై కిలోమీటర్లు, నాలుగు గంటలు పైనే పడుతుంది. రాత్రి విమానమైతే పక్కనే ఉన్న నెగొంబోలో పడుకుని తెల్లవారి కదలండి.

బండి సంగతి. నలుగురు ఉన్న కుటుంబానికి, అందులో పెద్దవాళ్ళుంటే, డ్రైవరుతో సహా కారు మాట్లాడుకోవడమే మేలు. రోజుకు ఇంత, ఇన్ని కిలోమీటర్లు అని బేరం. డ్రైవరు పడకకు చాలా హోటళ్ళు విడిగా గది ఇస్తాయి, బుక్ చేసేటప్పుడే అడగండి. ఇద్దరే అయితే బస్సులు చాలు. ఎర్రవి ప్రభుత్వానివి, మిగతావి ప్రైవేటువి. ముందు సీట్లు భిక్షువులకు కేటాయించి ఉంటాయి, వాళ్ళెవరైనా ఎక్కితే వెంటనే లేవాలి. మ్యాపులో వంద కిలోమీటర్లు చూసి గంటన్నర అనుకోకండి, రెండున్నర గంటలు వేసుకోండి.

అనురాధపురం: రెండు రాత్రులు, తక్కువ కాదు

క్రీ.పూ. 4వ శతాబ్దం నుంచి క్రీ.శ. 10వ శతాబ్దం చివర్లో చోళులు వచ్చేదాకా, మధ్య మధ్య విరామాలున్నా, ఇదే రాజధాని. ఊరంతా చెల్లాచెదురుగా పరుచుకున్న శిథిలాలు, చెరువులు, చెట్లు. ఒక్క పూటలో కారెక్కి దిగి చూస్తే అన్ని స్తూపాలూ ఒకేలా ఉన్నాయనిపిస్తుంది. సైకిళ్ళు అద్దెకు దొరుకుతాయి, నేల చదునుగా ఉంటుంది. పెద్దవాళ్ళు ఆటో మాట్లాడుకోవచ్చు.

మొదటి సాయంత్రం జయ శ్రీ మహాబోధి దగ్గరికి, రువన్‌వెలిసాయ స్తూపానికి వెళ్ళండి. బుద్ధగయ బోధివృక్షం కొమ్మను అశోకుడి కూతురు సంఘమిత్త ఓడలో తెచ్చిందని, దాన్ని క్రీ.పూ. 288లో నాటారని సంప్రదాయం. నాటిన తేదీ నమోదై ఉన్న చెట్లలో ప్రపంచంలోకెల్లా పాతదిగా దీన్ని చెబుతారు. ఎత్తైన అరుగు మీద, ఊతకర్రల ఆసరాతో ఉన్న చెట్టు అది. చుట్టూ ఇతర బోధి చెట్లుంటాయి కాబట్టి ఏది అసలుదో అడిగి తెలుసుకోండి. ప్రతి బుద్ధవిహారంలో లాగే ఇక్కడా చెప్పులు, టోపీ తీసేయాలి. భుజాలు, మోకాళ్ళు కప్పి ఉండాలి. తెల్లబట్టలు వేసుకుంటే అక్కడి జనంలో కలిసిపోతారు. బుద్ధవిగ్రహానికి వీపు తిప్పి సెల్ఫీ తీసుకోవడం అక్కడ పెద్ద అపచారం. పిల్లలకు ఈ ఒక్కటీ బయలుదేరే ముందే నేర్పండి.

రువన్‌వెలిసాయను క్రీ.పూ. 2వ శతాబ్దంలో దుటుగెమును కట్టించాడు. ఇతను ఓడించిన రాజు ఎలార, చోళదేశం నుంచి వచ్చినవాడు. సింహళ గ్రంథం మహావంశం శత్రువైన ఎలారను న్యాయవంతుడని పొగుడుతుంది. దూడను చంపిన కొడుకును రథం కింద వేయించిన రాజు కథ ఎలార పేరున అందులో ఉంది. అదే కథ తమిళులు మనునీతి చోళుడి పేరున చెబుతారు, ఆయన విగ్రహం మన మద్రాసు హైకోర్టు ఆవరణలో ఉంది. ఎలార సమాధి ముందు వాద్యాలు ఆపి నడవాలని దుటుగెమునే ఆజ్ఞాపించాడట. చెన్నై నుంచి వెళ్ళిన మనిషికి ఈ స్తూపం ముందు గుర్తుండాల్సిన కథ ఇది.

రెండో రోజు తెల్లవారుజామునే టికెట్ కొని ఉత్తరం వైపు విహారాలు చూడండి. సార్క్ దేశాల పాస్‌పోర్టు చూపిస్తే అనురాధపురం, సిగిరియ, పొలొన్నరువ మూడింటిలోనూ విదేశీ టికెట్లో పెద్ద రాయితీ ఉంది. పాస్‌పోర్టు హోటల్లో వదిలేసి వెళ్ళకండి. ఇసురుమునియ గుడి, బోధివృక్షం దగ్గర విడిగా చిన్న రుసుము. జేతవనారామం ఇటుకల గుట్ట. మహాసేనుడు మొదలుపెట్టించిన ఈ స్తూపం పూర్తయినప్పుడు సుమారు 122 మీటర్ల ఎత్తు, ఆ కాలానికి గిజా పిరమిడ్లు రెండింటి తర్వాత ఇదే ఎత్తైన కట్టడం. అక్కడ వాహల్కడ దగ్గర ఎగ్మూరు ఫొటో తెరవండి. తర్వాత అభయగిరి వైపు భిక్షువుల నివాసాల గడపల ముందు అర్ధచంద్రాకారపు రాళ్ళు చూడండి. ఏనుగు, గుర్రం, సింహం, ఎద్దు వరసగా నడుస్తుంటాయి, లోపల హంసలు, నడుమ పద్మం. ఇలాంటి అర్ధచంద్రశిలలే నాగార్జునకొండలోనూ దొరికాయి. పదకొండు దాటితే బండలు కాలతాయి. సంచిలో పాత మేజోళ్ళు ఒక జత ఉంటే ఆ కాస్సేపూ పనికొస్తాయి.

మధ్యాహ్నం ఎండలో శిథిలాలు వదిలేసి చెరువు గట్టు మీద కూర్చోండి. అనురాధపురాన్ని బతికించినవి స్తూపాల కంటే చెరువులే అని నా నమ్మకం. తిస్స వెవ, బసవక్కుళమ, నువర వెవ ఊరి చుట్టూనే ఉన్నాయి. దూరంగా ఉన్న కల వెవ నుంచి 87 కిలోమీటర్ల కాలువ తవ్వి తిస్స వెవకు నీళ్ళు తెచ్చారు. కిలోమీటరుకు సుమారు పది సెంటీమీటర్ల వాలు మాత్రమే ఉండేలా తవ్వారు దాన్ని. లోతైన చెరువు నీటి ఒత్తిడికి తూము కొట్టుకుపోకుండా లోపల రాతి గూడు కట్టే పద్ధతిని, బిసోకొటువను, ఇక్కడి వాళ్ళు చాలా పూర్వమే కనిపెట్టారు. రామప్ప, పాకాల చెరువుల కింద సేద్యం చేసిన కుటుంబాల నుంచి వచ్చినవాళ్ళు కట్ట, తూము, అలుగు చూసి పోల్చుకోగలరు. పిల్లలకు చూపించాల్సినది ఇదే.

ఈ జిల్లాలోనే తంబుత్తేగమ వైపు అహికుంటకుల ఊరొకటుంది. పాములాడించడం, జోస్యం చెప్పడం మీద బతికిన సంచారులు వాళ్ళు, ఇళ్ళల్లో మాట్లాడుకునేది తెలుగు. వింతగా చూడటానికి మాత్రం వెళ్ళకండి. ఎక్కడైనా కలిస్తే తెలుగులో పలకరించండి, అడగకుండా ఫొటో తీయకండి.

మిహింతలే కొండ అనురాధపురానికి పన్నెండు కిలోమీటర్లు. 1840 మెట్లు. కారులో సగం పైకి వెళ్ళే దారుంది, మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు అక్కడి నుంచి ఎక్కవచ్చు. సూర్యాస్తమయానికి వెళ్ళండి.

తిండి గురించి మధ్యలోనే చెప్పాలి

శాకాహారులు ఒక విషయంలో జాగ్రత్త పడాలి. ఉంబలకడ అనే ఎండుచేప పొడి కొబ్బరి సంబల్‌లో, కొన్ని కూరల్లో పడుతుంది. పైకి కనబడదు. "ఉంబలకడ ఉందా" అని ఆ పేరుతోనే అడగండి. శాకాహారం అన్నా చేప వేస్తారేమోనని మాలు (చేప), మస్ (మాంసం) రెండూ వద్దని చెప్పండి. పూర్తి శాకాహారం కావాలంటే సైవ కడై అని బోర్డున్న తమిళ హోటళ్ళు వెతకండి. తోసై, ఇడియాప్పం, సాంబారు దొరుకుతాయి.

అన్నం, పరిప్పు అనే పప్పు, నాలుగైదు కూరలు కలిపిన భోజనం ఎక్కడైనా బాగుంటుంది. పనస, అరటిపువ్వు, బీట్‌రూట్, వంకాయ, ప్రతిదీ కొబ్బరిపాలలో. కారం మన గుంటూరుకు తీసిపోదు. గేదె పెరుగు మట్టి చట్టిలో తెచ్చి మీద కితుల్ (జీలుగు చెట్టు) పాకం పోసిస్తారు, తప్పక తినండి. వెలగపండు రసం దారి పొడవునా అమ్ముతారు. వినాయక చవితికి పత్రిలో వెలగ వెతుక్కునే మనకు, గ్లాసు నిండా ఆ రసం తాగడం నిజంగా సంతోషం.

ట్రింకోమలీ వైపు ఒక రోజు

అమ్మవారి భక్తులు ఇంట్లో ఉంటే ఇది వదలకండి. అష్టాదశ శక్తిపీఠాల శ్లోకం మొదలయ్యేదే లంకలోని శాంకరీదేవితో. అలంపురం, శ్రీశైలం, పిఠాపురం, ద్రాక్షారామం చూసిన తెలుగువాళ్ళు ఈ పీఠం కోసం ట్రింకోమలీ వెళ్తారు. సముద్రంలోకి చొచ్చుకుపోయిన కొండకొమ్ము మీద కోణేశ్వరాలయం, ఆ ఆవరణలోనే అమ్మవారి గుడి. పాత ఆలయాన్ని పోర్చుగీసువారు 1620లలో కూలగొట్టి ఆ రాళ్ళతోనే కోట కట్టారు. ఇప్పుడున్నది 20వ శతాబ్దంలో మళ్ళీ కట్టినది. కోట గేటు దాటే గుడికి నడవాలి. అనురాధపురం నుంచి నూరు కిలోమీటర్ల పైచిలుకు.

తూర్పు, ఉత్తర ప్రాంతాల్లో తమిళం వస్తే అంతా సులువు, చెన్నై తెలుగువాళ్ళకు అది పెద్ద వరం. అయితే 2009లో ముగిసిన యుద్ధం అక్కడి ప్రతి ఇంటినీ తాకింది. కొత్తగా కలిసిన మనిషిని దాని గురించి ప్రశ్నించకండి. వాళ్ళే చెబితే వినండి. అనురాధపురం, క్యాండీ వైపు సింహళం. అక్కడ తమిళంతో కాక ఇంగ్లిషుతో మొదలుపెట్టండి. ఆయుబోవన్ అని చేతులు జోడిస్తే చాలు, ముఖాలు విచ్చుకుంటాయి.

సిగిరియ, దంబుళ్ళ, పొలొన్నరువ

సిగిరియ దగ్గర రెండు రాత్రులు ఉంటే మూడూ తీరిగ్గా అవుతాయి. 5వ శతాబ్దంలో తండ్రిని చంపి సింహాసనమెక్కిన కశ్యపుడు దాదాపు రెండు వందల మీటర్ల ఏకశిల మీద కోట కట్టుకున్నాడు. పన్నెండు వందల మెట్ల దాకా ఉంటాయి. గేటు తెరిచేసరికి వరసలో ఉండండి, ఎనిమిది దాటితే ఎండ, జనం రెండూ. అప్సరసల చిత్రాలకు ఫొటో తీయనివ్వరు. కందిరీగల తుట్టెలున్నాయి, మౌనంగా ఎక్కమన్న బోర్డును నిజంగా పాటించాలి. ఎక్కలేనివాళ్ళు కింద జలవనాల్లో కూర్చుంటే రాయి మొత్తం కనబడుతుంది. అసలు ఆ రాయి అందం దాని మీది నుంచి కాక ఎదురుగా చూస్తేనే తెలుస్తుంది. ఓపిక ఉంటే పక్కనున్న పిదురంగల ఎక్కండి.

పొలొన్నరువ అనురాధపురం తర్వాతి రాజధాని. చోళులు దీన్ని జననాథమంగళమన్నారు. వాళ్ళు కట్టిన రాతి శివాలయం, రెండో నంబరు శివ దేవాలె, పైకప్పుతో సహా నిలిచి ఉంది. చిన్న తంజావూరు గుడిలా కనిపిస్తుంది. తర్వాత గల్ విహార. ఒకే బండలో చెక్కిన నాలుగు విగ్రహాలు, పడుకున్న బుద్ధుడు పద్నాలుగు మీటర్ల పొడవు. ఊరికి ఇటు చివరనున్న చెరువును పరాక్రమ సముద్రమంటారు, చూస్తే ఆ పేరు ఎందుకో తెలుస్తుంది.

దంబుళ్ళ గుహలు క్యాండీకి పోయే దారిలోనే. ఐదు గుహలు, కప్పు నిండా చిత్రాలు. వీటిలో చాలావాటిని 18వ శతాబ్దంలో మళ్ళీ వేయించింది కీర్తిశ్రీ రాజసింహుడు. ఈ పేరు గుర్తుంచుకోండి.

క్యాండీ: మనవాళ్ళు ఏలిన ఊరు

1739లో క్యాండీ రాజు వారసుడు లేకుండా పోతే, రాణి తమ్ముడు సింహాసనం ఎక్కాడు. ఆ కుటుంబం మదురై నాయకుల బంధువర్గం, తెలుగు మూలాల వాళ్ళు. శ్రీవిజయ, కీర్తిశ్రీ, రాజాధి, శ్రీవిక్రమ రాజసింహులు నలుగురు 1815 దాకా పాలించారు. శైవ కుటుంబంలో పుట్టిన కీర్తిశ్రీ, ఆ దేశంలో ఆగిపోయిన భిక్షు దీక్షను 1753లో సయాం (నేటి థాయ్‌లాండ్) నుంచి ఉపాలి థేర అనే భిక్షువును రప్పించి నిలబెట్టాడు. ఇవాళ్టికీ శ్రీలంకలో పెద్ద భిక్షు సంఘం పేరు సియాం నికాయే. క్యాండీ పెరహెర ఉత్సవంలో బుద్ధుడి దంతధాతువును ఏనుగు మీద ఊరేగించడం కూడా ఆయన కాలంలోనే మొదలైంది. జులై, ఆగస్టుల్లో జరిగే ఆ ఉత్సవానికి వెళ్ళాలంటే గది నెలల ముందే పట్టుకోవాలి.

దళద మాళిగావ, అంటే దంతాలయం, పూజవేళకు వెళ్తేనే సార్థకం. తెల్లవారి ఐదున్నర, తొమ్మిదిన్నర, సాయంత్రం ఆరున్నర. ఆ వేళల్లో మాత్రమే పై అంతస్తు గది తలుపులు తీస్తారు, బంగారు భరిణె దూరం నుంచి కనబడుతుంది. తెల్లవారి పూజకు జనం తక్కువ. కలువపూలు బయటే కొనుక్కోండి. గేటు దగ్గర సోదా గట్టిగా ఉంటుంది, 1998లో ఇక్కడ బాంబు పేలింది.

బయటికొచ్చాక ఎదురుగా కనిపించేదంతా ఒక్క మనిషి కట్టించినదే: ఎనిమిది కోణాల మండపం పత్తిరిప్పువ, మేఘాల అంచులున్న గోడ, 1807లో తవ్వించిన సరస్సు. ఆఖరి రాజు శ్రీవిక్రమ రాజసింహుడు. శిల్పాచారి దేవేంద్ర మూలాచారి. అయితే మనవాడని అక్కడ గొప్పలు పోవద్దు. సరస్సుకు వెట్టిచాకిరీ చేయించాడని, తిరుగుబాటు చేసిన ప్రధాని ఎహెలెపొల భార్యాబిడ్డలను చంపించాడని క్యాండీ జనం అతన్ని కఠినుడిగానే తలుచుకుంటారు. 1815లో ప్రధానులే ఇంగ్లిషువాళ్ళ పక్షం చేరి రాజ్యం అప్పగించారు.

దంతాలయానికి ఎదురుగా ఉన్న నాథ దేవాలె 14వ శతాబ్దపుది. పక్కపక్కనే పత్తిని, విష్ణు దేవాలెలు. బౌద్ధులే అక్కడ కొబ్బరికాయలు, పళ్ళతట్టలు పట్టుకుని వస్తారు. పది నిమిషాలు చూడండి.

క్యాండీ నుంచి ఎల్ల వైపు కొండరైలు అందరూ చెప్పేదే. 2025 నవంబరు చివర్లో దిత్వా తుపాను ఆ మార్గాన్ని బాగా దెబ్బతీసింది. కాబట్టి ఏ భాగం నడుస్తోందో స్టేషనులో కనుక్కున్నాకే గది బుక్ చేయండి. సీట్లు నెల ముందు తెరుస్తారు.

కొలంబో: ఒక రోజు, ఒక రాత్రి

పాత రాజధానులన్నీ చూసి వచ్చాక కొలంబో బాగా నచ్చుతుంది. ఉదయం జాతీయ మ్యూజియం. క్యాండీ రాజుల సింహాసనం, కిరీటం ఇక్కడున్నాయి. ఇంగ్లిషువాళ్ళు పట్టుకెళ్ళి 1934లో తిరిగిచ్చారు. ఆ తర్వాత బెయిర సరస్సు మీద తేలినట్టుండే సీమ మాలక. ఆర్కిటెక్టు జెఫ్రీ బావా రూపకల్పన అది, అనురాధపురం అరణ్యవిహారాల అరుగులు చూసి వచ్చినవాళ్ళు ఇట్టే పోలుస్తారు. ఎండ తగ్గాక పెట్టా సందుల్లో ఎర్రమసీదు, సీ స్ట్రీట్ కోవెళ్ళు, డచ్చివాళ్ళ వొల్ఫెండాల్ చర్చి కాలినడకన చూడొచ్చు. ఆటోలు పిక్‌మీ యాపులో పిలిస్తే బేరం ఉండదు. సాయంత్రం గాల్ ఫేస్ మైదానం. అక్కడ అమ్మే ఇస్సో వడ మీద ఉండేవి రొయ్యలు, శాకాహారులు చూసుకోండి. ఒకవైపు సముద్రం పూడ్చి కడుతున్న పోర్ట్ సిటీ, వెనక 350 మీటర్ల లోటస్ టవర్.

తిరిగి వచ్చాక వెల్లూరు

ఈ ప్రయాణానికి ఒక రోజు మిగిలే ఉంటుంది. 1816లో ఇంగ్లిషువాళ్ళు శ్రీవిక్రమ రాజసింహుణ్ణి ఓడలో మద్రాసుకు తెచ్చి వెల్లూరు కోటలో ఉంచారు. 1832 జనవరి 30న అక్కడే పోయాడు. కోటలో ఆ కుటుంబం ఉన్న భవనాన్ని క్యాండీ మహల్ అంటారు. పాలారు ఒడ్డున సమాధిని ముత్తుమండపం అంటారు, తమిళనాడు ప్రభుత్వం 1990లో మండపం కట్టించింది. సెంట్రల్‌లో పొద్దున రైలెక్కితే రెండు గంటల్లో కాట్పాడి, అక్కడి నుంచి ఆటో. ముందు ముత్తుమండపం చూసి, ఆ తర్వాత కోట, లోపలి జలకంఠేశ్వరాలయం పెట్టుకోండి. గుడి మధ్యాహ్నం మూస్తారు కాబట్టి పన్నెండులోపు కోటకు చేరుకోండి. సాయంత్రం రైలుకు చెన్నై వచ్చేయొచ్చు.